నున్నటి సీసం

"ఏం కలిపావు నాన్నా?"

ఆశాజ్యోతి అడగడం ఇది మూడోసారి. వీరాస్వామి పెరట్లో పొయ్యి ముందు గొంతుక్కూర్చుని చల్లారిన బూడిద గీకుతున్నాడు. తల ఎత్తలేదు.

ఆమె చేతుల్లో పదకొండు కిలోల సీసపు దిమ్మ ఉంది. కాకినాడలో కాలేజీ ల్యాబ్ నుంచి కోరంగి దాకా తమ్ముడి ఆటోలో దాన్ని ఒళ్ళో పెట్టుకుని వచ్చింది. చుడీదారు మీద నల్లటి చార పడింది. చేతులు లాగేస్తున్నా కింద పెట్టలేదు.

"ఏం కలుపుతానమ్మా. సీసంలో సీసమే కలిపేను."

"ఏ సీసం?"

"బ్యాటరీ సీసం. ముప్పై కిలోలు. ఒట్టి ఓడ సీసం మెత్తన. గోరు పెడితే దిగుద్ది. వల గుళ్ళు పోసినా, పడవకి లంగరు పోసినా కొంచెం బ్యాటరీ సీసం పడితేనే గట్టిపడేది. నలభయ్యేళ్ళ నుంచి చేస్తన్నాను. నాకు తెలీదా?"

"నన్నో మాట అడగొచ్చుగా!"

"నువ్వెక్కడున్నావ్? మొగలో బురదలో ఉన్నావ్. ఫోను చేస్తే అందుబాటులో లేరంది."

అది నిజమే. బుధవారం ఆమె భైరవపాలెంలో పడవెక్కింది. గోదావరి సముద్రంలో కలిసే చోట మూడు రోజులు బురదలోకి గొట్టాలు దించి, పొరలు పొరలుగా మట్టి తీసుకుని నిన్న సాయంత్రం తిరిగొచ్చింది. ఆమె అటు వెళ్ళగానే ల్యాబ్‌లో ఉన్న పదహారు దిమ్మలూ ఆటో ఎక్కి ఇక్కడికొచ్చాయి. ఉలి దెబ్బలతో అడ్డదిడ్డంగా ఉన్న వాటిని వీరాస్వామి కరిగించి, ఇటుకల్లా పోతపోసి, ఇసక కాగితంతో రుద్ది, శనివారం పొద్దున్నే తిరిగి పంపించాడు. ముఖం చూసుకోవచ్చు, అంత నున్నగా ఉన్నాయి.

రేపు పదింటికి ఢిల్లీ నుంచి కమిటీ వస్తుంది.

చర్చిలో మొదటి గంట కొట్టారు. జ్ఞానమ్మ తెల్లచీర కట్టుకుని, బైబిలు పట్టుకుని గుమ్మంలో నిలబడిపోయింది. తండ్రీకూతుళ్ళ మధ్య ఏదో విరిగిందని తెలుస్తోంది గానీ ఏది విరిగిందో ఆమెకి అంతుపట్టడం లేదు.

"బాగా చేశాడు కదే మీ నాన్న. మూడు రోజులు ఆ పొగలోనే కూర్చున్నాడు. అన్నం కూడా అక్కడికే పట్టికెళ్ళేను."

"బాగానే చేశాడమ్మా. చాలా బాగా చేశాడు," అంది ఆశ. ఆ మాట విని వీరాస్వామి చేతిలో పుల్ల ఆగిపోయింది.

"హెడ్డుగారే ఫోన్ చేశారక్కా," ఆటోకి ఆనుకుని ఉన్న రమేష్ బాబు అందుకున్నాడు. "దిమ్మలు పాతసామాన్ల కొట్లో సరుకులా ఉన్నాయి, కమిటీవాళ్ళు నవ్విపోతారు, మీ నాన్న పోతపోసేవాడే కదా, కాస్త నున్నగా చేయించు అన్నారు. సార్ చెప్తే కాదంటామా?"

"రాత్రంతా ఖాళీ గూడు కొలిచాను రా. లోపల ఏమీ పెట్టలేదు. పొద్దున చూస్తే మిషను తెర మీద నలభై ఆరు దగ్గర గీత నిటారుగా నిలబడి ఉంది."

"అంటే?"

ఆశ దిమ్మని అరుగు మీద పెట్టింది. సిమెంటు పెచ్చు ఊడింది.

"మిషను చుట్టూ సీసంతో గూడెందుకు కట్టాం? బయట మట్టిలో, గోడల్లో ఉండే రేడియేషను లోపలికి రాకుండా. కానీ సీసంలోనే అది ఉంటే? గనిలోంచి తీసిన ఏ సీసంలోనైనా రేడియేషను చిమ్మే రకం సీసం కాస్త కలిసి ఉంటుంది. ఆ గీత దానిదే. ఇరవై రెండేళ్ళకి సగమవుతుంది. ఇంకో ఇరవై రెండేళ్ళకి ఆ సగంలో సగం. తాత ఏటి బురదలోంచి లాగిన ఓడ సీసం రెండొందల ఏళ్ళ నాటిది. దాంట్లో అది ఎప్పుడో చచ్చిపోయింది. అలాంటి సీసం కోసం పైదేశాల్లో మునిగిపోయిన ఓడలు వెతుక్కుంటారు నాన్నా. మనకి పెరట్లో ఉంది."

"సీసానికి వయసేంటమ్మా?" అన్నాడు వీరాస్వామి నెమ్మదిగా.

"ఉంటుంది. నేను బురదలో వెతికేది కూడా ఆ రకం సీసాన్నే. అది ఎక్కువుంటే కొత్త మేట, తక్కువుంటే పాతది. ఇప్పుడు బురద పెట్టకపోయినా ఉంది ఉంది అంటోంది మిషను. బురదలోది ఏదో, గూట్లోది ఏదో ఎవడు చెప్పగలడు?"

పక్కింట్లో కుక్కర్ కూసింది.

"మళ్ళీ కరిగించి, ఆ బ్యాటరీ సీసం ఇవతలికి తీసేస్తే?"

"రాదు నాన్నా."

"తెట్టు కట్టుద్ది కదా, అది గరిటితో..."

"రాదు."

వీరాస్వామి తన అరచేతులు చూసుకున్నాడు. సీసం చుక్కలు పడి కాలిన మచ్చలు, పాతవీ కొత్తవీ.

"మీ తాత చిట్టియ్య దాన్ని ఏట్లోంచి లాగడానికి ఆరుగుర్ని పెట్టేడు," అన్నాడు. "ఒక్క రేకు మినహా అంతా నీకే ఇచ్చేసేను."

జ్ఞానమ్మ చటుక్కున ముఖం తిప్పుకుంది. రెండో గంట కొట్టారు.

"నేను ప్రార్థన చేసుకొస్తాను."

"ప్రార్థన చేస్తే ఆ గీత పోదమ్మా," అంది ఆశ.

అనకూడదని అన్నాక తెలిసింది. జ్ఞానమ్మ చెంగు సవరించుకుని మెట్లు దిగి వెళ్ళిపోయింది.

* * *

పదకొండు దాటాక తెల్ల కారు వచ్చి పేట మొదట్లోనే ఆగింది. లోపలికి రాగలిగేదే, రాలేదు. ఫిజిక్స్ డిపార్ట్‌మెంట్ హెడ్ ఫణీంద్ర వర్మ గారు బూట్లకి బురద అంటకుండా చూసుకుంటూ నడిచొచ్చారు. భీమవరం రాజులు, చెరువులున్నవారు. ఆశ ఆయన దగ్గర ఆరేళ్ళుగా పనిచేస్తోంది. ఆయన ఈ ఇంటికి రావడం ఇదే మొదలు.

వీరాస్వామి ప్లాస్టిక్ కుర్చీ తువ్వాలుతో రెండుసార్లు తుడిచాడు. ఆశ మంచినీళ్ళు తెచ్చింది.

"ఇప్పుడే తాగానండి," అని ఆయన గ్లాసు అరుగు మీద పెట్టించారు. తర్వాత వీరాస్వామి వైపు తిరిగారు. కూతురికిచ్చే గారు తండ్రి దగ్గర రాలిపోయింది.

"కరిగించమని నేను చెప్పానా వీరాస్వామీ?"

"లేదు బాబుగారూ. నున్నగా అన్నారండి."

"నున్నగా అంటే కరిగించడమా?"

"సీసం నున్నగా అవ్వాలంటే కరగాలి కదండి మరి."

రమేష్ బాబు నవ్వు ఆపుకోలేక అటు తిరిగాడు. ఫణీంద్ర గారు చూసీ చూడనట్టు ఊరుకున్నారు.

"అయిందేదో అయింది. ఆశాజ్యోతి గారూ, ఏం చేద్దామనుకుంటున్నారు?"

"కమిటీకి ఫోన్ చేద్దాం సార్. ఉన్నది చెప్పి ఓ నెల గడువడుగుదాం."

"అడిగితే ఇస్తారు. మార్చి దాటాక ఇస్తారు. అప్పటికి మీ పేరు లిస్టులో ఉండదు. మనలాంటి కాలేజీ ఇంటర్వ్యూ దాకా రావడమే గొప్ప. పేరున్న సంస్థలు ఒక్క ఉత్తరమ్ముక్క రాస్తే కోట్లు వస్తాయి. మనం పశువుల ఆసుపత్రికెళ్ళి, ఎద సూదులు దాచే నైట్రోజన్ అడుక్కొచ్చి మిషను చల్లబరుచుకుంటున్నాం."

"అది నేనే మోసుకొస్తన్నానండి ఆటోలో," అన్నాడు రమేష్. "గేదెల డాక్టరుగారు రోజూ అడుగుతున్నారు, మీ అక్క ఏ గేదెకి పొడుస్తోందిరా అని."

ఎవరూ నవ్వలేదు.

"సూటిగా చెప్తాను," అన్నారు ఫణీంద్ర గారు. "కమిటీ సరేనంటే మూడేళ్ళ ప్రాజెక్టు. కాదంటే, అరువు తెచ్చిన డిటెక్టరు వెనక్కి పోతుంది. గది ఫార్మసీ వాళ్ళకి పోతుంది. మేనేజ్‌మెంట్ ఎప్పట్నుంచో నా పీక మీద కూర్చుంది. మీ కాంట్రాక్టు మార్చితో సరి."

"తెలుసు సార్."

"తెలిస్తే వినండి. ఆగస్టులో ఖాళీ గూడు కొలిచాం కదా, పాత దిమ్మలతో. ఎంత శుభ్రంగా వచ్చింది! దానికి నిన్నటి తేదీ వేద్దాం."

ఆయన బ్యాగులోంచి కాగితం తీశారు. అప్పటికే టైపు చేయించి తెచ్చారు. ఆశ నిలబడే చదివింది. కింద ప్రాజెక్టు బాధ్యురాలు అన్నచోట ఆమె పేరు ఉంది. డిపార్ట్‌మెంట్ హెడ్ అన్నచోట గీత కూడా లేదు.

"మీ సంతకం ఎక్కడ సార్?"

"నాదెందుకండీ. ప్రాజెక్టు మీది."

"ఇది ఇప్పుడున్న గూడు కొలత కాదు."

"వాళ్ళకి తెలుస్తుందా? నలభై నిమిషాలుంటారు. కాజాలు తింటారు, దిమ్మల పక్కన నిలబడి ఫొటో దిగుతారు. దిమ్మలు మహా నున్నగా ఉన్నాయి కూడాను."

"ఆ తర్వాత మూడేళ్ళు నేను బురద కొలిచేది ఈ గూట్లోనే కదా. ప్రతి పొరా కొత్తదే అంటుంది. మేట బ్రహ్మాండంగా పడుతోందని వస్తుంది. పైన ఆనకట్టల్లో ఒండ్రు ఆగిపోతోంది, కింద ఊళ్ళు దిగిపోతున్నాయి. మా చర్చి వెనక సమాధుల్లోకి పోటునీళ్ళు వస్తున్నాయి సార్. అంతా బాగానే ఉందని నా సంతకంతో నేను రాయనా?"

"డబ్బొచ్చాక మంచి గూడు కొనుక్కుందురుగాని. ముందు డబ్బు రావాలి. పరమాణువు లోపల ఏముందో ఒకప్పుడు ఇంట్లో బల్ల మీద, చేత్తో చేసుకున్న సామాన్లతో చూశారు. అప్పుడు ఎవడూ పైసా ఇవ్వలేదు. బాంబు పడ్డాకే కదండీ ప్రభుత్వాలకి ఫిజిక్స్ మీద ప్రేమ పుట్టింది! మీ బురదలోంచి బాంబు రాదు. మీకెవరిస్తారు?"

ఆశ కాగితం తిరిగి ఆయన చేతికిచ్చింది.

"మీరే చెప్తారుగా క్లాసులో, కలకత్తా ఆవిడ గురించి."

"బిభా చౌధురి."

"ఆఁ. డార్జిలింగ్ కొండల మీద ఫొటో ప్లేట్లు పెట్టి, కొత్త కణం జాడ ముందు పట్టుకుంది. యుద్ధం రోజులు, మంచి ప్లేట్లు దొరకలేదు. తర్వాత ఇంగ్లండులో మంచి ప్లేట్లున్న ఆయన అదే పని చేసి నోబెల్ తీసుకున్నాడు. ఆవిడ పేరు మన పిల్లలెవరికైనా తెలుసా? పని చేసినవాళ్ళది కాదండీ పేరు. ప్లేట్లు దొరికినవాళ్ళది."

"లేని ప్లేట్లు ఉన్నాయని ఆవిడ రాయలేదు సార్."

ఫణీంద్ర గారి ముఖం ఎర్రబడింది. లేచి నిలబడ్డారు.

"నాలుగింటికి మెయిల్ పోవాలి. అంతదాకా చూస్తాను. మీరు అంతదూరం రానక్కర్లేదు. సెలవు చీటీలకి వాడే మీ సంతకం స్కాను ఆఫీసు కంప్యూటర్లో ఉంది. సరే అని ఒక్క ముక్క మెసేజ్ పెట్టండి చాలు."

"నేను సరే అనకుండా దాన్ని ముట్టుకోకండి."

"నన్నేమనుకుంటున్నారండీ మీరు?"

కారు వెళ్ళిపోయింది. నీళ్ళ గ్లాసు అరుగు మీద అలాగే ఉంది. వీరాస్వామి దాన్ని తీసుకుని బూడిద మీద పోశాడు. బూడిద చల్లారి ఎంతసేపయిందో, చప్పుడు కూడా చెయ్యలేదు.

"అమ్మాయ్. నేను కమిటీ వాళ్ళ కాళ్ళ మీద పడతాను. ముసలోడికి తెలీక కరిగించేసేడని చెప్తాను."

"నీ కాళ్ళు వాళ్ళకెందుకు నాన్నా. వాళ్ళకి కావలసింది కాగితం."

* * *

జ్ఞానమ్మ వచ్చేసరికి పన్నెండున్నర. ఎవరూ భోజనానికి లేవలేదు. ఆమె బైబిలు గూట్లో పెట్టి, జరిగింది కొడుకు చెప్తే విన్నది. విన్నాక ఒక్కటే అడిగింది.

"దొంగ కాగితం పెడితే ఉద్యోగం ఉంటాది. పెట్టకపోతే పోతాది. అంతేనా?"

"అంతేనమ్మా."

"ఇంకే దారీ లేదా?"

పొద్దున్నుంచి ఆశ నోటిదాకా వచ్చి ఆగిపోతున్న మాట అదే.

"ఆ నలభై ఆరు గీతకి బలం తక్కువ. మూడు మిల్లీమీటర్ల పాత సీసం అడ్డముంటే చాలు, దాటలేదు. పదహారు దిమ్మలూ పాతవే కానక్కర్లేదు. లోపలి వైపు సన్నటి రేకు ఒకటి చుట్టినా..."

ఆగిపోయింది.

"రేకా," అన్నాడు రమేష్ బాబు.

"లేదు," అన్నాడు వీరాస్వామి. మరీ తొందరగా అన్నాడు. "పాత సీసం ఇంకెక్కడా లేదు. అయిపోయింది."

నలుగురికీ తెలుసు ఎక్కడుందో. ప్రతి ఈస్టరుకీ నలుగురూ దాని ముందు కొవ్వొత్తి వెలిగిస్తారు. ఆశ కంటే ముందు పుట్టిన పిల్లాడు, నలభై రోజుల వాడు, బాప్తిస్మం వచ్చే ఆదివారం అనగా పోయాడు. పేరు ఖాయం కాలేదు. పాలరాయి కొనే స్తోమతు లేక, చిట్టియ్య ఓడ సీసంలోంచి ఓ రేకు కోసి, మేకుతో కొట్టి కొట్టి ఇంట్లో పిలిచే పిలుపే దాని మీద రాశాడు. పెదబాబు.

ఆశ తల్లి వైపు చూడలేదు. చూస్తే అడిగినట్టవుతుంది.

"నేను కాలేజీకి వెళ్తాను," అని లేచింది. "కమిటీకి నేనే రాస్తాను, గూడు పాడైందని. పోతే పోనీ."

"కూర్చో," అంది జ్ఞానమ్మ.

"అమ్మా, నేనేమీ అడగలేదు."

"అడగలేదులే. కూర్చో. నేనే అడుగుతున్నాను. ఆ రేకు ఎంత సేపు కావాలి నీకు?"

"ఇవాళ మధ్యాహ్నం నుంచి రేపు పది దాకా. కానీ ప్రాజెక్టు వస్తే... మూడేళ్ళు."

"మూడేళ్ళు," అంది జ్ఞానమ్మ. భర్త పనిముట్ల పెట్టెలోంచి ఉలీ సుత్తీ తీసుకుంది.

* * *

సమాధుల దొడ్డి చర్చి వెనక, మడ అడవి వైపు ఉంది. పోటు తగ్గి గంటయినట్టుంది, దారంతా జారుతోంది. చివరి వరుసలో చిన్న దిబ్బ. సిమెంటు పలక మీద నాలుగు మేకులతో జానెడున్నర రేకు. ఉప్పుగాలికి తెల్లగా మసకబారింది గానీ అక్షరాలు పోలేదు.

"పాస్టరుగారు అడిగితే?" అన్నాడు రమేష్.

"నా కొడుకు. నేను చెప్తాను."

వీరాస్వామి ఉలి అందుకున్నాడు. మొదటి మేకు మీద పెట్టాడు. సుత్తి ఎత్తాడు. దెబ్బ గురి తప్పి సిమెంటు మీద పడింది. ఇంకోసారి ఎత్తి, దించేశాడు.

"ఇలా తే," అంది జ్ఞానమ్మ. "నువ్వు దూరంగా ఉండు. దీన్ని మటుకు నిప్పు దగ్గరికి తీసుకెళ్ళకు."

ఇరవై తొమ్మిదేళ్ళ కాపురంలో ఆమె అతన్ని అంతకంటే పెద్ద మాట అని ఉండదు. అతను నాలుగడుగులు వెనక్కి వేసి ఎవరిదో సమాధి పక్కన నిలబడ్డాడు.

ఆమె తెల్లచీర మోకాళ్ళ దగ్గర బురదయింది. ఒక్కో మేకూ ఓపిగ్గా, చేపముల్లు తీసినట్టు తీసింది. మూడు మేకులు వచ్చాయి. నాలుగోది తుప్పుపట్టి విరిగింది. రేకుని చెంగుతో తుడిచి, కాసేపు ఒళ్ళో పెట్టుకుంది. తర్వాత కూతురికిచ్చింది.

అంత చిన్న రేకు అంత బరువుంటుందని ఆశకి తెలిసిన విషయమే. అయినా చేతులు కిందికి వాలాయి.

టైము చూసింది. రెండూ నలభై. ఇప్పుడు బయల్దేరితే మూడున్నరకి గూట్లో పెట్టొచ్చు. రేపు కమిటీ వచ్చేదాకా పద్దెనిమిది గంటలపైనే నడుస్తుంది. గీత పోతుంది. పోయిందని రాయడానికి ఎవరికీ భయపడక్కర్లేదు. పొద్దున్నుంచి మొదటిసారి ఆమె గుండెల నిండా గాలి పీల్చుకుంది.

చేతిలో ఫోను వణికింది. మెసేజ్. ఫణీంద్ర గారు.

"చైర్మన్ గారు రెండింటికే రిపోర్టు అడిగారు. మీ సంతకంతో పంపించేశాను. వారు చాలా సంతోషించారు. ఇక కొత్తగా ఏమీ కొలవకండి, రెండు రిపోర్టులు రెండు రకాలుగా ఉంటే సమాధానం చెప్పుకోవలసింది మీరే. రేపు పది దాకా ల్యాబ్ తాళం నా దగ్గరుంటుంది."

ఆశ రెండుసార్లు చదివింది. మూడోసారి చదవడానికి అక్షరాలు కనిపించలేదు.

"ఆటో తియ్యనా అక్కా?" రమేష్ అవతల్నుంచి కేక వేశాడు.

వీరాస్వామి దగ్గరికొచ్చాడు. "ఇప్పుడు సరిపోద్ది కదమ్మా? ఇంక బానే ఉంటాది కదా?"

ఆమె ఫోను అరచేతిలో బోర్లించింది. ఉలి దెబ్బలకి సమాధి మీద నాలుగు చోట్ల సిమెంటు తెల్లగా లేచిపోయి ఉంది. పేరు లేని దిబ్బ.

జ్ఞానమ్మ మోకాళ్ళ మీది బురద దులుపుకుంటూ లేచింది. పొద్దుటి కోపం ముఖంలో లేదు. రేకు మీద వేలితో ఒక్కసారి రాసింది.

"అమ్మాయ్, ఒకటి చెప్పు," అంది. "ఆ గూట్లో మీ అన్న పేరు లోపలికి తిప్పి పెడతావా, రేపు వచ్చేవాళ్ళకి కనబడేలా బయటికి పెడతావా?"